శాన్ ఫ్రాన్సిస్కో రేవులో పేర్రాజు గారు

పద్మనాభం గారి కథలన్నీ చిన్నగా మొదలవుతాయి. వాటితో వచ్చిన చిక్కే అది. "ఓసారి నేను బస్సెక్కాను" అంటారు. సరే, బస్సే కదా అని మనం కూర్చుంటాం. చేతిలో టీ చల్లారేలోపు ఆ బస్సు డ్రైవరు సొమ్మసిల్లి, ఘాట్ రోడ్డు మలుపులో స్టీరింగు ఊడి ఈయన చేతిలోకి వచ్చి, యాభైమంది ఆడవాళ్ళు ఈయన పేరు పిల్లలకి పెట్టుకుని ఉంటారు. శాన్ ఫ్రాన్సిస్కో దగ్గరున్న డబ్లిన్‌లో ఆయన నడిపే గెస్ట్‌హౌస్‌లో రెండున్నర నెలలుగా ఉంటున్న అంకిత, ఇలాంటివి ఆదివారానికొకటి చొప్పున వింటూ వచ్చింది.

ఆ ఆదివారం కూడా ఆయన మామూలుగానే నాలుగింటికి వచ్చారు. వెనకాలే ఆయన భార్య చాముండేశ్వరి గారు, ఆవిడ చేతుల్లో ట్రే నిండా మిరపకాయ బజ్జీలు, పెద్ద ఫ్లాస్కులో అల్లం టీ. గెస్ట్‌హౌస్ అంటే వేరే ఏమీ కాదు, వాళ్ళ రెండో ఇల్లే. పద్మనాభం గారి కన్సల్టెన్సీలో చేరిన పిల్లలకి ప్రాజెక్ట్ దొరికేదాకా అక్కడ పడక ఉచితం, భోజనం ఉచితం. ప్రస్తుతానికి పైగదిలో అంకిత, వేద. కింద గదిలో సాయి తేజ. పరుపులు నేలమీదే గానీ పప్పులో లోటు చెయ్యరు. అందరూ పెరట్లో ప్లాస్టిక్ కుర్చీలు లాక్కుని కూర్చున్నారు.

అంకితకి ఆ రోజు కథ వినే మనసు లేదు. పొద్దున్నే ఫోన్‌లో, ఏదో కంపెనీ నుంచి ఒకావిడ రాసిన మెయిల్ చూసింది. సోమవారం పదింటికి ఇంటర్వ్యూ, డేటా ఇంజనీర్, ఎనిమిదేళ్ళ అనుభవం. కింద జతచేసిన రెజ్యూమెలో పేరు తనదే, ఫోన్ నంబరు తనదే, మిగతాది ఎవరిదో ఆ దేవుడికే తెలియాలి. దాని ప్రకారం ఎనిమిదేళ్ళ కిందట ఆమె ఒహాయోలో ఓ బ్యాంకులో ఉద్యోగంలో చేరింది. నిజానికి ఎనిమిదేళ్ళ కిందట ఆమె ఏలూరులో ఇంటర్ మొదటి సంవత్సరం చదువుతూ, ఫిజిక్స్ రికార్డు రాయనందుకు క్లాసు బయట నిలబడి ఉంది. ఆమెకున్న అనుభవమల్లా హైదరాబాదులో చేసిన ఎనిమిది నెలల ఇంటర్న్‌షిప్. ఇలా రాస్తున్నాం అని ఎవరూ చెప్పలేదు, పంపమంటావా అని ఎవరూ అడగలేదు. కన్సల్టెన్సీవాళ్ళు శుక్రవారమే పంపేశారట.

అవునంటే ఏమవుతుందో ఆమెకి తెలుసు. రేపు చెవిలో చిన్న ఇయర్‌ఫోన్ పెట్టుకుని కెమెరా ముందు కూర్చోవాలి, హైదరాబాదు నుంచి ఒకాయన జవాబులు చెబుతుంటే ఈమె అప్పజెప్పాలి. పట్టుబడితే ఆమె ఫైల్లో మోసం అన్న మాట పడుతుంది, ఇక ఏ వీసా ఆఫీసరూ దాన్ని చూడకుండా వదలడు. కాదంటే ఏమవుతుందో కూడా తెలుసు. ఎమ్మెస్ అయ్యాక ఉద్యోగం లేకుండా ఈ దేశంలో ఉండటానికి తొంభై రోజులు గడువు. డెబ్బై తొమ్మిది అయిపోయాయి. పైగా పంపిన ఇంటర్వ్యూకి వెళ్ళనివాళ్ళు గది ఖాళీ చెయ్యాలన్నది ఫ్రిజ్ మీద అంటించిన రూల్స్‌లో మూడోది. ఆ హైదరాబాదు ఆయన్ని ముందే బుక్ చేసుకోవాలి కాబట్టి, సాయంత్రం ఆరింటికల్లా యెస్ చెప్పమన్నారు పద్మనాభం గారు.

"ఏమ్మా అంకితా, బజ్జీ అట్టాగే పట్టుకు కూర్చున్నావ్? రేపటి గురించి భయమా?" అన్నారాయన.

"కొంచెం అంకుల్."

"భయపడితే ఎట్టాగమ్మా! మా వంశంలో భయం అనే జీన్ లేదు, టెస్ట్ చేయించా. ఎందుకు లేదో చెప్తా విను, నీకే ధైర్యం వస్తుంది. మా ముత్తాత పేర్రాజు గారని, కోరంగి మనిషి. కోరంగంటే కాకినాడ పక్కన, ఆ రోజుల్లో పెద్ద రేవు, అక్కడ ఓడలు కట్టేవాళ్ళు. ఆయన ఓసారి ఇదిగో, ఈ శాన్ ఫ్రాన్సిస్కో వచ్చి, దాహమేసి గ్లాసుడు మంచినీళ్ళు అడిగాడు. అంతే. పెద్ద విషయమేం కాదు."

వేద, సాయి తేజ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. చాముండేశ్వరి గారు బజ్జీల ట్రే తన వైపుకి జరుపుకున్నారు. చాలాసేపు పడుతుందని ఆవిడకి తెలుసు.

"గిప్పుడు గాదు గదా అంకుల్, ఎప్పటి ముచ్చట ఇది?" అన్నాడు సాయి తేజ.

"ఎయిటీన్ ఎయిటీస్, బాబూ. అప్పుడిక్కడ టెక్కూ లేదు, టెస్లాలూ లేవు. రేవు పొడుగునా సారాకొట్లు, పూటకూళ్ళ ఇళ్ళు. ఓడ మీద పనికి రమ్మంటే ఎవడూ వచ్చేవాడు కాదు, ఎందుకొస్తాడు చెప్పు, పురుగులు పట్టిన రొట్టె పెట్టి కొరడాతో కొడితే? కానీ కెప్టెన్‌కి మనుషులు కావాలి. డిమాండ్ ఉంది, సప్లై లేదు. అప్పుడేమైందో తెలుసా? మధ్యలో ఒక బిజినెస్ పుట్టింది! పూటకూళ్ళ ఇంటివాడే బ్రోకరు. రేవులో కొత్తగా దిగినవాడి భుజం మీద చెయ్యేసి, 'రా తమ్ముడూ, మన ఇల్లే అనుకో' అని తీసుకెళ్ళేవాడు. పడక ఫ్రీ, భోజనం ఫ్రీ. నాలుగు రోజులు కడుపునిండా మేపి, ఓ పూట గ్లాసులో మత్తుమందు కలిపి, ఒళ్ళు తెలియకుండా పడినవాణ్ణి ఓడకెక్కించేవాడు. తలకింత అని కెప్టెన్ దగ్గర పుచ్చుకునేవాడు. మనవాడు కళ్ళు తెరిచేసరికి చుట్టూ సముద్రం! షాంఘై చెయ్యడం అనేవాళ్ళు దాన్ని. ఎక్కడికి తీసుకుపోయినా సరే, పేరు మాత్రం షాంఘై."

"భోజనం ఫ్రీనా అంకుల్?" అన్నాడు సాయి తేజ, తన చేతిలో సగం కొరికిన బజ్జీని చూస్తూ.

"ఫుల్ మీల్స్! ఊరికే ఎవడు పెడతాడు బాబూ ఈ రోజుల్లో?"

సాయి తేజ బజ్జీని మెల్లిగా పేపర్ ప్లేట్లో పెట్టేశాడు. పద్మనాభం గారు గమనించలేదు. ఆయన అప్పటికే రేవులో ఉన్నారు.

"ఆ బ్రోకర్లందరికీ పెద్ద జానీ అని ఒకడు. ఏడడుగులు ఉండేవాడు, మీసాలకి దీపాలు తగిలించుకుని తిరిగేవాడు. మా ముత్తాత నీళ్ళడిగింది వాణ్ణే. వాడు నవ్వుతూ లోపలికి తీసుకెళ్ళి, కూర్చోబెట్టి, గ్లాసులో నల్లమందు కలిపి ఇచ్చాడు. మా ముత్తాత గటగటా తాగేశాడు. జానీ చూస్తున్నాడు, ఇప్పుడు పడతాడు, ఇప్పుడు పడతాడు అని. మా ముత్తాత మూతి తుడుచుకుని, 'ఇంకో గ్లాసు' అన్నాడు! రోజూ చద్దన్నంలో పచ్చిమిరపకాయ నంజుకునే కడుపమ్మా అది, నల్లమందు దాన్నేం చేస్తుంది? రెండో గ్లాసు, మూడో గ్లాసు, పదో గ్లాసు..."

"పోయినేడు మూడు గ్లాసులే అన్నారు," అన్నారు చాముండేశ్వరి గారు.

"పోయినేడు అతిథులున్నారు, నమ్మరని తగ్గించి చెప్పా. పదో గ్లాసయ్యాక పీపా ఎత్తి పట్టాడు. పీపా మొత్తం! ఆ వాసనకే జానీ మనుషులు నలుగురు నిలబడ్డవాళ్ళు నిలబడ్డట్టే నిద్రపోయారు. ఆ తర్వాత ఏమైందో తెలుసా? జానీ కాలితో ఓ మీట నొక్కాడు. మా ముత్తాత కూర్చున్న చోట నేలలో తలుపు తెరుచుకుంది. కింద నీళ్ళు, నీళ్ళలో పడవ, అదీ వాళ్ళ ఏర్పాటు. మనిషైనవాడు పడిపోవాలా వద్దా?"

"పడిపోలేదా అంకుల్?" అంది వేద.

"నడుందాకా వెళ్ళాడు. భుజాలు పట్టలేదు! కింద నుంచి ఆరుగురు కాళ్ళు పట్టి లాగుతున్నారు, పైనుంచి జానీ నెత్తి మీద కూర్చుని నొక్కుతున్నాడు, ఊహూ. రంపం తెచ్చి నేలని కోశారు. అప్పుడు మా ముత్తాత, 'ఎందుకయ్యా ఇంత హైరానా, రమ్మంటే నేనే వచ్చేవాణ్ణి కదా' అని తనే దూకాడు. ఆ దెబ్బకి పడవ విరిగింది. వాళ్ళందరినీ చంకనేసుకుని ఈదుకుంటూ ఓడ దాకా తీసుకెళ్ళి దించాడు. తనని ఎత్తుకెళ్తున్నవాళ్ళని తనే మోసుకెళ్ళాడు, చూడండి ఆయన మంచితనం!"

వేద నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. మరో రోజైతే అంకిత కూడా నవ్వేదే. ఆమె ఫోన్‌లో టైమ్ చూసుకుంది. ఐదూ ఐదు.

"ఆ ఓడలో ఇంకా ఇరవైమంది ఉన్నారు. ఎవరనుకున్నారు? ఒకడు మంగలి. ఒకడు బంగాళాదుంపలు పండించే రైతు. ఒకడు చర్చిలో పాటలు పాడేవాడు. సముద్రమంటే ఏమిటో తెలియనివాళ్ళు. కెప్టెన్ అనుభవమున్న నావికులు కావాలని అడిగాడాయె. అప్పుడు జానీ ఏం చేశాడో తెలుసా? అక్కడుంది వాడి బుర్ర! స్పృహ లేకుండా పడున్నవాళ్ళ అరచేతులకి తారు పూశాడు, ఏళ్ళ తరబడి తాళ్ళు లాగిన చేతుల్లా కనబడాలని. జేబులో చచ్చిపోయిన నావికుల కాగితాలు పెట్టాడు. 'మంగలి పదేళ్ళు తెరచాప పని చేశాడు, రైతు పన్నెండేళ్ళు చుక్కాని పట్టాడు' అని రాసిచ్చాడు. వాళ్ళ తరఫున సంతకాలూ వాడే పెట్టేశాడు. కెప్టెన్ చేతులు చూశాడు, కాగితాలు చూశాడు, ఓకే అన్నాడు. ఏం తెలివి! ఏం ప్రెజెంటేషన్! నిజంగా చెప్తున్నా, వాడు ఈ రోజుల్లో పుట్టి ఉంటే..."

అక్కడ ఆయన టీ తాగడానికి ఆగారు. సాయి తేజ తన అరచేతులు తిప్పి చూసుకుంటున్నాడు. అతని రెజ్యూమెలో పదేళ్ళున్నాయి, అతనికి ఇరవై అయిదు. చాముండేశ్వరి గారు మొగుడి మొహంలోకి ఓసారి చూసి, ఫ్లాస్కు మూత బిగించడం మొదలుపెట్టారు. అప్పటికే బిగిసి ఉన్న మూతని ఆవిడ ఇంకా తిప్పుతూనే ఉన్నారు.

"మరి వాళ్ళకి పని రాదు కదా అంకుల్, ఓడ మీద ఏమయ్యారు?" అంది అంకిత. ఆ ఆదివారం ఆమె అడిగిన మొదటి ప్రశ్న అది. కథ కోసం అడగలేదు.

"ఏమవుతారు, నేర్చుకుంటారు! ఆన్ ది జాబ్! మంగలి మొదటి రోజే తెరచాప కొయ్యెక్కి జారి పడ్డాడనుకో..."

"పడి?"

"పడి... మా ముత్తాత పట్టుకున్నాడుగా! ఒంటి చేత్తో! రైతు పడ్డాడు, వాణ్ణి రెండో చేత్తో పట్టుకున్నాడు. పాటలవాడు పడ్డాడు, వాణ్ణి పళ్ళతో పట్టుకున్నాడు. ఆ తర్వాత ఏమైందో తెలుసా? తుఫాను! మామూలు తుఫాను కాదు, అలలు ఎంతెత్తంటే పైనున్న చేపలు కొంగల్ని తింటున్నాయి. ఓడ నడిమి కొయ్య ఫెళ్ళున విరిగింది. కెప్టెన్ ఏడుస్తున్నాడు. మా ముత్తాత 'లేవయ్యా, ఏడవకు' అని, విరిగిన కొయ్య స్థానంలో తను నిలబడ్డాడు. చేతులు బారచాపి తెరచాప పట్టుకున్నాడు. చాప చిరిగితే తన పంచె కట్టాడు. పదకొండు రోజులు అలా నిలబడ్డాడు, నిద్రా తిండీ లేకుండా. ఆ పంచెకి గాలి పట్టిందీ, ఇక ఓడ నీళ్ళకి తగిలితే ఒట్టు!"

"పంచె ఓడకి కట్టేస్తే మరి ఆయనకో?" అన్నారు చాముండేశ్వరి గారు.

"తుఫానులో ఎవరు చూస్తారే! ఓడ ఎంత స్పీడుగా పోయిందంటే, ఓడ వెనకాల ఉన్నవాళ్ళ కేకలు ముందున్నవాళ్ళకి మర్నాడు వినబడేవి. దారిలో తిమింగలం అడ్డమొచ్చింది. మా ముత్తాత ఈల వేశాడు. అది పక్కకి జరిగి, వీపు వంచి, లంగరు తాడు నోట కరుచుకుని ఓడని లాక్కొచ్చింది. ఎక్కడికి? తిన్నగా శాన్ ఫ్రాన్సిస్కోకే! భూమి చుట్టూ తిరిగి, ఎక్కిన రేవులోనే దిగారు. మొత్తం పంతొమ్మిది రోజులు. జానీ గుమ్మంలో పళ్ళు తోముకుంటున్నాడు, ఎదురుగా మా ముత్తాత!"

"జబర్దస్త్," అన్నాడు సాయి తేజ. అతని గొంతులో నవ్వు లేదు.

"ఆగు, అసలు కథ ఇప్పుడుంది. ఓడ దిగగానే అందరినీ సర్కారు ఆఫీసుకి తీసుకెళ్ళారు. రూలేంటంటే, పెద్ద ఆఫీసరు ఒక్కొక్కణ్ణీ పిలిచి, 'ఈ సంతకం నీదేనా, నీ ఇష్టంతోనే ఓడెక్కావా?' అని అడగాలి. అడుగుతాడు సరే, గుమ్మం దగ్గర జానీ నిలబడి ఉంటాడుగా. మంగలి జానీ వైపు చూసి అవునన్నాడు. రైతు అవునన్నాడు. ఇరవైమంది అవునన్నారు. ఎందుకనరు పాపం? అనకపోతే వాళ్ళకి పడుకోను చోటు లేదు, తినను తిండి లేదు, ఆ ఊళ్ళో తెలిసినవాడు జానీ ఒక్కడే. ఆఖరికి మా ముత్తాత వంతొచ్చింది." పద్మనాభం గారు కుర్చీలోంచి లేచారు. బొజ్జ మీద షర్టు సర్దుకుని, గొంతు పెంచారు. "'పేర్రాజూ, నీ ఇష్టంతోనే ఎక్కావా?' 'లేదు!' అన్నాడు. అంతే, ఒక్క మాట! ఆఫీసు కిటికీల అద్దాలన్నీ భళ్ళున పగిలాయి! రేవులో నాలుగొందల ఓడల గంటలు వాటంతటవే మోగాయి! సముద్రం రెండు మైళ్ళు వెనక్కెళ్ళింది! ఎక్కడెక్కడ ఓడల్లో బందీలున్నారో అందరూ ఆ మాట విని కిందికి దూకారు. జానీ పారిపోయాడు, ఇప్పటికీ పరిగెడుతూనే ఉన్నాడంటారు. ఊరివాళ్ళొచ్చి మేయరుగా ఉండమని కాళ్ళు పట్టుకుంటే, 'ఇంటి దగ్గర ఊడ్పులున్నాయి' అని వచ్చేశాడు. కత్తి పట్టలేదు, కర్ర పట్టలేదు. ఒక్క మాట అన్నాడమ్మా, ఒకే ఒక్క మాట! గుండె ఉండాలి అనడానికి!"

ఆయన కళ్ళల్లో నిజంగానే నీళ్ళు తిరిగాయి. తన కథకి ముందుగా కరిగేది ఎప్పుడూ ఆయనే. కండువా లేదు కాబట్టి పేపర్ టవల్‌తో కళ్ళొత్తుకుని, కూర్చుని, ఫోన్ తీశారు.

"చూశావా అంకితా, ధైర్యమంటే అదీ. నీకూ అదే కావాలి. ఐదూ నలభై అవుతోంది, హైదరాబాద్ అతనికి మెసేజ్ పెట్టేస్తున్నా. రేపు పదింటికి రెడీయే కదా?"

"లేదు అంకుల్," అంది అంకిత.

కిటికీ అద్దాలేవీ పగల్లేదు. పక్కింటి పెరట్లో ఎవరో గడ్డి కోసే మిషన్ నడుపుతున్నారు, అది కూడా ఆగలేదు. పద్మనాభం గారి వేలు మాత్రం ఫోన్ మీద ఆగింది.

"లేదంటే? ఇంకో అరగంట కావాలా?"

"లేదంటే వెళ్ళనని అంకుల్. ఆ రెజ్యూమె నాది కాదు. నన్ను అడక్కుండా నా పేరు పెట్టి పంపారు. ఆ మెయిల్ రాసినావిడకి నేనే జవాబిస్తా, నాకున్నది ఎనిమిది నెలలే అని."

మాట స్థిరంగానే వచ్చింది. పద్మనాభం గారి మొహంలో రంగు దిగిపోయింది.

"అమ్మా, అమ్మా, ఆగు. నువ్వు అట్టా రాస్తే వాళ్ళు మిగతావి కూడా తీసి చూస్తారు. ఆ క్లయింట్ దగ్గర మనవాళ్ళు ఇంకా ఆరుగురున్నారు! ఎందుకీ మొండితనం? ఎవరు చెప్పారు నీకిట్టా చెయ్యమని?"

"మీరే అంకుల్. ఒక్క మాట అంటే చాలన్నారుగా."

"అది కథమ్మా!"

"పేర్రాజు గారు అన్నారు కదా?"

"అనలేదు! ఆయన ఏ ఆఫీసులోనూ ఏమీ అనలేదు!"

"మరి ఓడ దిగాక ఎట్ల బయటపడ్డడు అంకుల్?" అన్నాడు సాయి తేజ, కుర్చీ ముందుకి లాక్కుంటూ.

"ఎక్కితే కదయ్యా దిగడానికి! ఆయన ఓడెక్కలేదు, శాన్ ఫ్రాన్సిస్కో రాలేదు, కాకినాడ దాటలేదు! ఉప్పు కొటారులో గుమాస్తా! గోదావరి రేవు దాటాలన్నా కళ్ళు మూసుకుని పడవలో పడుకునేవాడు, నీళ్ళంటే అంత భయం! పై అధికారి కనబడితే లేచి నిలబడి, ఆయన ఏమన్నా 'చిత్తం' అనేవాడు! చాలా?"

"తిమింగలం?" అంది వేద.

"ఏ తిమింగలమూ లేదు! అంతా నేను అల్లిందే! ముప్ఫై ఏళ్ళుగా అల్లుతున్నా! అది విని ఎవరైనా బతుకు పాడుచేసుకుంటారా?"

ముప్ఫై ఏళ్ళ సంసారంలో ఆయన నోట నిజం ఇంత గట్టిగా రావడం చాముండేశ్వరి గారు అదే మొదటిసారి వినడం. ఆవిడ లేచి, అంకిత పక్కకి కుర్చీ జరుపుకుని, ఆ పిల్ల వీపు మీద చెయ్యి వేసి కూర్చున్నారు.

అంకితకి భయం పోలేదు. ఇక ఉన్నవి పదకొండు రోజులే, ఆ రాత్రికి ఎక్కడ పడుకోవాలో కూడా తెలియదు. పోనీ కథలోని ఆ పేర్రాజు గారన్నా నిజంగా ఉండి ఉంటే బాగుండేదని ఒక్క క్షణం దిగులేసింది. ఫోన్ తీసి, తనకున్న ఎనిమిది నెలల సంగతి నాలుగు లైన్లలో రాసి, పంపేసి, తలెత్తి ఆయన వైపు చూసింది.

"పోన్లెండి అంకుల్. ఆయన అనకపోతే ఏం, నేను అన్నానుగా."